కానో, జారియా, మధ్యలో టైం కీపర్

నాకు కోపం ముక్కు మీదే ఉంటుందని మా ఇంటిది అంటుంది. ఆ మాట నిజమే. అంతకంటే పెద్ద జబ్బు ఇంకొకటి నాకుంది, దాన్ని ఆమె మర్యాద కొద్దీ బయట చెప్పదు. ఎక్కడ ఇద్దరు మనుషులు గొంతు పెంచినా నేను మధ్యలో దూరతాను. ఎవరూ పిలవనక్కర్లేదు. బస్సులో సీటు కోసం పోట్లాడుకునే ముసలమ్మలను కూడా వదిలిపెట్టలేదు. ఖతర్‌లో టైం కీపర్ పని దొరికాక ఈ జబ్బు బాగా ముదిరింది. క్యాంపు మొత్తానికి హాజరు రాసేవాడి మాటకు కాస్త బరువు ఉంటుంది కదా. ఆ బరువు తీసుకెళ్ళి నేను ఎవరి నెత్తిన పడేశానో ఇన్నాళ్ళకు చెప్పాలనిపించింది.

అవి చమురు ధర రోజురోజుకూ ఎక్కుతున్న ఏళ్ళు. దోహాలో ఏ వీధి చివర నిలబడ్డా ఒక క్రేను కనిపించేది. కంపెనీలకు మనుషులు చాలక ఎక్కడెక్కడి నుంచో తెచ్చేవారు. కూలీల క్యాంపులన్నీ ఉండే సనాయాలో మా క్యాంపు మెస్సులో ఒక్కో బల్ల దగ్గర ఒక్కో దేశం కూర్చుని తినేది. ఒకరి పేరు ఇంకొకరికి నోరు తిరగదు కనుక ఊరి పేర్లతోనే పిలుచుకునేవాళ్ళం. నేను కరీంనగర్. మా ఇంటివైపు వాళ్ళకు మాత్రం నేను దుబాయ్‌లో ఉన్నట్టే లెక్క. ఖతర్ వేరే దేశమని మా అమ్మకు చివరిదాకా నమ్మకం కుదరలేదు.

కానో, జారియా అనే ఇద్దరు కూడా నాకు అలా ఊరి పేర్లతోనే తెలుసు. ఇద్దరూ నైజీరియా ఉత్తరాన ఉండే హౌసా జాతివాళ్ళు. ఇద్దరిదీ ఇనుప సలాకలు కట్టే పని. ఒకే గదిలో ఉండేవాళ్ళు. కానోకు యాభై దాటాయి. పొట్టి మనిషి, నిదానస్తుడు. మధ్యాహ్నం విరామంలో అందరూ నీడ చూసుకుని నడుం వాలిస్తే ఆయన సూదీ దారం తీసి టోపీ కుట్టుకునేవాడు. తెల్లటి గుండ్రటి టోపీ మీద పచ్చ దారంతో మెలికలు, పూలు. ఒక్క టోపీకి నాలుగు నెలలు పట్టేది. జారియా ఆయనకంటే పదేళ్ళు చిన్న. తాడిచెట్టంత పొడుగు, నోరు కూడా అంతే పొడుగు.

మాతో వాళ్ళు మాట్లాడింది క్యాంపు భాష: సగం హిందీ, పావు అరబ్బీ, మిగతాది చేతులు. ఇక్కడ మాత్రం వాళ్ళ మాటలు మా యాసలోనే రాస్తున్నాను. నా చెవికి అవి అట్లాగే వినిపించేవి.

నాకూ కానోకూ స్నేహం కుదిరింది పుంటికూర దగ్గర, అదే గోంగూర. ఊరి నుంచి వచ్చినవాడెవడో నాకు పచ్చడి డబ్బా తెచ్చిచ్చాడు. నేను మూత తీయగానే కానో పక్క బల్ల నుంచి లేచి వచ్చి, వాసన చూసి, వేలితో కొంచెం నాకి, "ఇది మా ఆకు. నీకెట్ల దొరికింది?" అన్నాడు.

"మీదెట్లయితది? ఇది మా పుంటికూర," అన్నాను.

వాళ్ళూ ఆ పుల్లటి ఆకుతో కూర వండుతారట. ఆ జాతి మొక్క ఎర్రటి పూలతో షర్బత్ కూడా కాస్తారట. ఎవరి ఆకు ఎవరిదో చాలాసేపు వాదించుకున్నాం, ఈలోగా సగం డబ్బా ఖాళీ అయింది. మరుసటి శుక్రవారం ఆయన దోహాలోని ముషైరిబ్ సందుల్లో ఒక సూడాన్ ఆయన కొట్టు నుంచి జొన్నపిండి తెచ్చి, మెస్సు వెనక పొయ్యి మీద చెమటలు కక్కుతూ కెలికి ముద్ద చేసి పెట్టాడు. అది మా జొన్న గటకకు తోబుట్టువు. నేను మళ్ళీ మళ్ళీ పెట్టించుకుని తిన్నాను.

తింటున్నంతసేపూ ఆయన కథలు చెప్పేవాడు. వెనకటికి బాగ్దాదు నుంచి ఒక రాజకుమారుడు గుర్రమెక్కి వాళ్ళ దేశం వచ్చాడట. అక్కడొక ఊరి బావిలో పెద్ద పాము ఉండి, వారంలో ఒక్క శుక్రవారమే జనాన్ని నీళ్ళు తోడుకోనిచ్చేదట. ఈయన దాని తల నరికితే ఆ ఊరి రాణి ఈయన్ను పెళ్ళాడింది. వాళ్ళ సంతతి ఏడు ఊళ్ళు ఏలి, ఊరికొక పని పంచుకున్నారు. కానో వాళ్ళకు నీలిమందు అద్దకం వచ్చింది. జారియా వాళ్ళకు దక్షిణాదికి దండెత్తి బానిసలను పట్టి తెచ్చే పని వచ్చింది.

మా కానో ఇంట్లో తాతల నాటి నుంచీ అద్దకమే. నేలలో తవ్విన గుండ్రటి గుంతల్లో నీలిమందు పులియబెట్టి, గుడ్డను ముంచి తీసి, గాలికి ఆరేసి, మళ్ళీ ముంచి, ఆఖరున చెక్క సుత్తులతో మెరుపు వచ్చేదాకా బాదేవారట. ఆయన తాత మక్కాకు నడిచే వెళ్ళాడు. దారిలో ఊరూరా పనిచేసుకుని తింటూ పోయేసరికి చాలా ఏళ్ళు పట్టింది. పెళ్ళీ దారిలోనే, ముగ్గురు పిల్లలు పుట్టిందీ దారిలోనే. "నేను విమానంల వచ్చిన. మా తాతకు తెలిస్తే ఇదేం ప్రయాణంరా అని నవ్వుతుండె," అనేవాడు కానో.

సరిగ్గా ఇక్కడ జారియా ఊడిపడేవాడు. "ఏంది, గులాం మళ్ల కథలు చెప్తుండా?" గులాం అనే మాట మా వాళ్ళ దగ్గరే నేర్చాడు. "మా తాత పట్టి తెచ్చిన మందిల వీళ్ల తాత ఒకడు. బక్కోడని ఎవ్వలు కొనలే. ఇడిసిపెడితే మక్కాకు పోయిండు."

కానో సూది ఆపకుండానే, "జారియా వాళ్లను పెండ్లికి పిలిస్తే పెండ్లికొడుకు పళ్లెం గూడ నాకి వస్తరు. అందుకే వీళ్ల ఊరి పక్కన పెండ్లిళ్లన్ని దొంగతనంగ చేస్కుంటరు," అనేవాడు.

ఇది రోజూ జరిగేది. కానో నవ్వుతూ జవాబు చెప్పినా, అది చేతకానివాడి ఓర్పు అని నేను లెక్కగట్టాను. యాభై దాటిన పెద్దమనిషిని పట్టుకుని గులాం అంటాడా! మా ఊళ్ళో ఆ మాట అంటే తలలు పగులుతాయి. సమయం కోసం చూస్తూ ఉన్నాను.

ఆ సమయం మొహర్రం పదోనాడు వచ్చింది. మా వైపు అది పీర్ల పండుగ, చిన్నప్పుడు నేనూ అలావా నిప్పుల గుండం చుట్టూ ఎగిరినవాణ్ణే. హౌసా వాళ్ళకు అది కడుపు నిండా తినే రోజు. ఆ రోజు నిండా తింటే ఏడాదంతా పస్తు ఉండదని నమ్మకం. పొద్దు వాలుతుండగా కానో తన చేత్తో వండిన కోడిని పళ్ళెంలో పెట్టుకుని మెస్సులో కూర్చున్నాడు. బిస్మిల్లా అన్నాడో లేదో, జారియా వెనక నుంచి వచ్చి ఆయన నెత్తి మీది టోపీ, ఆ నాలుగు నెలల టోపీ, లాగి తన నెత్తిన పెట్టుకున్నాడు. కోడిని కాళ్ళు పట్టుకుని ఎత్తి, "గులాంకు కోడెందుకు? ఇది నా హక్కు!" అని మెస్సంతా వినిపించేలా అరిచి బయటికి పరుగెత్తాడు. కానో గరిటె పట్టుకుని వెంటపడ్డాడు. ఇద్దరూ మెస్సు చుట్టూ రెండు చుట్లు తిరిగారు. జనం ఈలలు వేశారు. కానో మోకాళ్ళు పట్టుకుని కూలబడటం నేను కిటికీలోంచి చూశాను.

నేరుగా ఆఫీసు గదిలోకి పోయి రిపోర్టు రాశాను. తిట్లు ఒక పేరా, టోపీ ఒక పేరా, కోడి ఒక పేరా. ఆఖర్న, ఈ ఇద్దరినీ ఒకే గదిలో ఉంచితే ప్రాణాపాయం అని రాసి కింద రెండు గీతలు కొట్టాను. మా సైట్ ఇంజనీరు గారు గుంటూరు వైపు మనిషి. ఆయనకు ఆ రోజుల్లో ఊపిరి సలిపేది కాదు. పైగా ఉత్తరపు కొసన, మదీనత్ అల్ షమాల్ దగ్గర మొదలైన కొత్త సైటుకు మనుషులు కావాలని ఒకటే ఫోన్లు. నా రిపోర్టు ఆయనకు వెతకబోయిన తీగలా కాలికి తగిలింది. మర్నాడు పొద్దున్నే జారియాను పెట్టెతో సహా షమాల్ బస్సు ఎక్కించారు. అప్పటికి కానో డ్యూటీలో ఉన్నాడు.

మధ్యాహ్నం విరామంలో నేను కాలరు సర్దుకుని కానో పక్కన కూర్చున్నాను. "ఇగ నీకు బాధ లేదు. వాన్ని నేనే పంపిచ్చిన," అన్నాను.

ఆయన సూది ఆగింది. "ఎందుకు?"

"నిన్ను గులాం అంటుండు గద."

"నన్ను గాక ఇంకెవల్ని అంటడు?" అన్నాడు కానో.

ఆయన చెప్పింది విన్నాక నేను ఆ ఇసుకలో తల దూర్చుకోలేకపోయానే అనిపించింది. హౌసా వాళ్ళలో మేనత్త పిల్లలూ మేనమామ పిల్లలూ ఒకరినొకరు ఎంతైనా తిట్టుకోవచ్చు. టోపీ లాక్కోవచ్చు, పళ్ళెం ఎత్తుకుపోవచ్చు. మొహర్రం పదోనాడైతే అది హక్కే. కోపం తెచ్చుకున్నవాడిదే తప్పు. చిన్నాన్న, పెదనాన్న పిల్లలతో మాత్రం ఈ ఆట కుదరదు, వాళ్ళు తోబుట్టువులు. ఊళ్ళకు ఊళ్ళే ఇట్లా వరస కలుపుకుంటాయి. కానో, జారియా అట్లాంటి ఊళ్ళు. ముక్కూ మొహం తెలియని కానో మనిషి, జారియా మనిషి పరాయి దేశంలో కలిసినా మొదట పలకరింపు తిట్టే. ఒకరి ఇంట్లో చావు జరిగితే రెండోవాడు పోయి వాళ్ళను నవ్వించి అన్నం తినిపించాలి. వేరే ఎవరిద్దరి మధ్యైనా నిజంగా కోపం వస్తే ఈ వరసవాడు అడ్డం పడితే చాలు, మానుకోవాల్సిందే.

ఇది నాకు ఒకరు చెప్పాలా! మా మేనబావ నన్ను పెళ్ళిపీటల మీద, పంతులు గారి ఎదురుగా, "ఈ గాడిదకు తాళి కట్ట వస్తదా?" అన్నాడు. నేను పళ్ళికిలించాను. బావాబామ్మర్దుల వరసల మధ్యే పెరిగినవాణ్ణి, ఆఫ్రికావాళ్ళ నోట అదే వరస వినేసరికి పోలిక పట్టలేక రిపోర్టు రాశాను. వాళ్ళకు మన లాంటి వరసలు ఉండవని నా పొగరు. తెలివి తక్కువ కంటే పొగరే ఎక్కువ, ఇప్పుడు ఒప్పుకోవడానికి సిగ్గు లేదు.

"శుక్రారం శుక్రారం పోయి కలువరాదు?" అన్నాను నసుగుతూ.

షమాల్ సైటులో శుక్రవారం కూడా సగం డ్యూటీ. మా క్యాంపు నుంచి అటు బస్సు లేదు. "ఫోన్ల తిట్టుకోరాదు?" అన్నాను.

"ఫోన్ల టోపీ గుంజుకుంటడా?" అన్నాడు కానో. తర్వాత నెమ్మదిగా, "నెల రోజులల్ల నేను ఎగ్జిట్ మీద పోతున్న. మోకాళ్లు అయిపోయినయ్, ఇగ మళ్ల రాను. ఈ నెల వాడు నా పక్కన ఉంటడనుకున్న," అని దారం కొరికి టోపీ మడిచి జేబులో పెట్టుకున్నాడు.

ఆయన నన్ను ఒక్క మాట అనలేదు. అంటే బాగుండేది. మర్నాటి నుంచి నన్ను చూడగానే చేతులు మోకాళ్ళ మీద ఆనించి కొంచెం వంగి హౌసా మర్యాద మొదలుపెట్టాడు. నిద్ర ఎట్లున్నది? పని ఎట్లున్నది? అలసట ఎట్లున్నది? ఎండ ఎట్లున్నది? ఇంటోళ్లు ఎట్లున్నరు? ప్రతిదానికీ నేను బాగున్నది, బాగున్నది అనాలి. అయిపోగానే ఆయన వెళ్ళిపోయేవాడు. పుంటికూర తెచ్చినా "నీకు తక్కువ పడుతది" అని చిటికెడు తీసుకునేవాడు. ఆ మర్యాదకు నాకు ముద్ద దిగేది కాదు. ఒక్కసారి నన్ను దున్నపోతా అనరాదా అని ఎంత ఆశపడ్డానో. రోజులు పోతున్నాయి, వారం అట్లాగే గడిచింది.

శుక్రవారం అల్ మన్సూరాలో ఇంజనీరు గారి ఫ్లాటుకు పోయాను. భోజనాల వేళ. ఆయన భార్య వడ్డిస్తోంది, ఆమె తమ్ముడు కూడా బల్ల దగ్గర ఉన్నాడు. నేను నిలబడే మొత్తం చెప్పాను.

"తిట్టుకోవడం ఆచారమేంటయ్యా?" అన్నారు ఇంజనీరు గారు. "ప్రాణాపాయం అని నువ్వే రాశావుగా? రెండు గీతలు కూడా కొట్టావు."

"తెల్వక రాసిన సార్."

"ఈవేళ తెలియదంటావు, రేపు వాళ్ళు నిజంగా కొట్టుకుంటే నా పీక మీదికొస్తుంది. కుదరదు."

ఆయన బావమరిది పెరుగు గిన్నె అందుకుంటూ, "వదిలెయ్యండి, మా బావగారికి ఇలాంటివి ఎక్కవు. పెళ్ళిచూపులనాడు మా అక్క కళ్ళజోడు పగిలింది కాబట్టి గానీ, లేకపోతే ఈయనకు ఈ జన్మలో పెళ్ళయ్యేదా!" అన్నాడు.

"నీ మొహం చూసుకున్నావురా? నిన్ను చూసి అక్క కూడా ఇలాగే ఉంటుందని పారిపోబోయాను," అన్నారు ఇంజనీరు గారు నవ్వుతూ.

నాకు ఎక్కడిదో ధైర్యం వచ్చింది. "సార్, ఇప్పుడు ఈయన మీద గూడ రిపోర్టు రాయాల్నా?" అన్నాను.

ముందు ఆవిడ నవ్వింది. తర్వాత బావమరిదికి పొలమారింది. ఇంజనీరు గారు కంచంలో అన్నం కెలుకుతూ, "షమాల్ నుంచి ఒక్క మనిషిని కదపలేను. కావాలంటే పెద్దాయన్నే అక్కడికి పంపుతా, ఉన్న నాలుగు రోజులూ తేలిక పని ఇప్పిస్తా. కానీ నీ రిపోర్టు తప్పని నువ్వే రాసివ్వాలి," అన్నారు.

రాసిచ్చాను. మొదటి రిపోర్టు కంటే రెండోది రాయడానికి ఎక్కువ సేపు పట్టింది. నా పొరపాటు అనే మాట ఇంగ్లీషులో రాయడం నాకు అదే మొదలు. కానో పోతే నాకు క్యాంపులో కథ చెప్పేవాడు లేడు, ఆ సంగతి సంతకం పెడుతుంటే తెలిసింది. పెట్టాను.

ఆదివారం షమాల్‌కు హాజరు పట్టీలు తీసుకుపోయే పికప్‌లో కానోను నా పక్కన కూర్చోబెట్టుకున్నాను. దారి పొడుగునా ఆయన ఎండ ఎట్లున్నది, అలసట ఎట్లున్నది అంటూనే ఉన్నాడు. నేను బాగున్నది అంటూనే ఉన్నాను. షమాల్ దగ్గరపడేకొద్దీ ఆయన కూర్చోలేక కిటికీ దించడం, ఎత్తడం మొదలుపెట్టాడు. నాకు లోపల ఒకటే బెదురు. జారియాకు రిపోర్టు రాసింది ఎవరో తెలిసే ఉంటుంది. తిడితే ఏం చెయ్యాలి, తిట్టకపోతే ఏం చెయ్యాలి?

సలాకల కుప్ప మీంచి జారియా మమ్మల్ని చూశాడు. పరుగెత్తుకు రాలేదు, తాపీగా నడిచి వచ్చి, కానో భుజం మీది సంచి లాక్కుని, "గులాం సంచి పట్టుకుని ఎటు పోతుండు? పారిపోతుండా?" అన్నాడు.

"నువ్వు ఇక్కడి మెస్సంత తిని ఖాళీ చేసినవట. మందికి నేను వండి పెట్టనీకి వచ్చిన," అన్నాడు కానో. ఆ వారమంతా వాలిపోయి ఉన్న మనిషి గొంతు ఎంత పెద్దదో నేను మరిచేపోయాను. ఇద్దరూ ఒకరి చేతులొకరు పట్టుకుని ఊపుతూ హౌసాలో ఏవేవో అనుకుని, కడుపు పట్టుకుని నవ్వారు.

అప్పుడు జారియా నా వైపు తిరిగాడు. నవ్వు ఆగిపోయింది. ఆ పొడుగు మనిషి చేతులు మోకాళ్ళ మీద ఆనించి వంగాడు. "నిద్ర ఎట్లున్నది?" అన్నాడు. బాగున్నది అన్నాను. "పని ఎట్లున్నది? అలసట ఎట్లున్నది?" ఇంక ఆపుకోలేక, "మాఫ్ చెయ్యి. మీ ఇద్దర్ని ఇడదీసిన పాపం నాదే. తెలివి లేక రాసిన," అన్నాను.

జారియా కానో వైపు చూశాడు. కానో హౌసాలో రెండు ముక్కలు అన్నాడు, ఏమన్నాడో ఇప్పటికీ తెలియదు. జారియా నిటారుగా లేచి, నా జేబులోని పెన్ను లాగి తన చెవి మీద పెట్టుకున్నాడు.

"గులాంకు పెన్నెందుకు?" అన్నాడు. "రాసుడు రాదు, సదువుడు రాదు. మోటు మొద్దు! మా తాత నిన్ను పట్టి తెస్తే సంతల గొర్రెలు గూడ నవ్వుతుండె."

నా కళ్ళల్లో నీళ్ళు తిరిగాయి. పికప్ డ్రైవరు నన్ను చూసి కంగారుపడి దిగబోయాడు, చెయ్యి ఊపి ఆపాను. అంత సంతోషం నాకు కంపెనీ లీవు ఇచ్చిననాడు కూడా కలగలేదు.

కానో నన్ను మోచేత్తో పొడిచాడు. "ఏందట్ల నిలవడ్డవు? తిట్టు. వాడు ఎదురుచూస్తుండు."

నాకు తిట్లు తక్కువా! కరీంనగర్ బస్టాండులో పుట్టిన తిట్లన్నీ నా నాలిక మీదే ఉండేవి. ఆ క్షణాన ఒక్కటి గుర్తుకు రాదే. జారియా కళ్ళు పెద్దవి చేసి, చెవి మీద నా పెన్నుతో, నా నోటి వంకే చూస్తున్నాడు.

"నీ పొడుగు చూసి," అన్నాను, "ఒంటెలు గూడ వీడు మా వాడు గాదని మొకం తిప్పుకుంటయ్!"

జారియా ఆ మాటను కాసేపు నోట్లో చప్పరించినట్టు తల ఆడించాడు. కానో వైపు చూశాడు. కానో ఫరవాలేదన్నట్టు కనుబొమ్మలు ఎగరేశాడు. అప్పుడు జారియా పళ్ళన్నీ బయటపెట్టి, నా భుజం మీద చెయ్యి వేసి, తన మెస్సు వైపు నడిపించుకుపోతూ, "ఇంకోటి," అన్నాడు.